తాడు కథ వదిలి ఖబర్ చూడండి



పరిగిలో మొన్న ఒక ఇంట్లో పంచాయితీ. ఎనిమిదో తరగతి పిల్ల, పక్కింటి నేస్తంతో కలిసి బడి వార్షికోత్సవానికి ఒక కొత్త ఆట కట్టుకుంది. ఈ పిల్ల ఖవ్వాలీ పాడుతుంది, ఆ పిల్ల దానికి కోలాటం అడుగులు వేస్తుంది. సగంలో పని మార్చుకుంటారు. ఇంతే. రిష్తేదార్లలో ఒక పెద్దాయన వచ్చి, "మన ఖాన్‌దాన్‌లో తవాయఫ్‌లు లేరు" అన్నాడు. పిల్ల రెండు రోజులు అన్నం ముట్టలేదు.

తవాయఫ్ అని నోరు పారేసుకునే పెద్దమనుషులారా, గోల్కొండ చూశారా? అబ్దుల్లా ఖుతుబ్ షా (1626–1672) కాలంలో తారామతి, ప్రేమామతి అని ఇద్దరుండేవారు. అక్కచెల్లెళ్లంటారు. ఒకరిది గానం, ఒకరిది నాట్యం. వాళ్ల గురించి మనకు తెలిసిన కహానీ ఒకటే: బారాదరి నుంచి కోటదాకా తాళ్లు కట్టి, వాటి మీద ఆడుతూ బాద్షా దగ్గరికి పోయారని. కిలోమీటరుకు పైనే దూరం! అంత తాడు ఎవరు లాగి కట్టారని అడిగినోడు లేడు. గైడు చెప్తాడు, మనం వాహ్‌వా అంటాం. ఇద్దరి హునర్ సర్కస్ అయిపోయింది.

తారామతి గొంతు గాలిలో కోటకు చేరేదన్న ఇంకో మాట ఉంది, అదైతే నమ్మబుద్ధి అవుతుంది. ఫతే దర్వాజా దగ్గర చప్పట్లు కొడితే బాలా హిసార్ పైన వినిపించే కోట అది. గాలినీ గోడలనీ సాజ్ చేసుకుని పాడారన్నమాట. దానికెంత రియాజ్ కావాలి!

సరే, కహానీలు వదలండి. ఖుతుబ్ షాహీ గుంబజుల దగ్గర ప్రేమామతి ఖబర్ ఉంది. ఫార్సీ కతబాలో ఆమె పేరుంది, హిజ్రీ 1073 అని సాలుంది, అంటే 1663 ప్రాంతం. ఇద్దరి పేర్లతోనూ మసీదులున్నాయి. ఆడినామె పేరున్న మసీదులో సజ్దా చేసినవాళ్ల ఇజ్జత్ పోలేదు. మీది పోతుందా?

"బాద్షాల సంగతి ఎందుకు, దీన్ చెప్పు" అంటారు. హలాల్, హరామ్ తేల్చడానికి నేను ఆలిమ్‌ని కాను. మీరూ కాదు. కానీ ఈద్ రోజు మస్జిద్‌లో హబషీలు బల్లేలతో ఆడుతుంటే, హజ్రత్ ఆయిషా (రజి)ను తనివితీరా చూడనిచ్చారు రసూలుల్లా (స). బుఖారీలో ఉంది. ఆ హదీసు మీ నోట ఒక్కసారైనా వినలేదే!

పెనుకొండ బాబయ్య ఉర్సులో ఖవ్వాలీకి తెల్లవార్లూ తలలూపేది మనమే. లేపాక్షి నాట్య మండపంలో రంభ ఆట, బ్రహ్మ మద్దెల చూపించి పిల్లల్ని ఫోటోలు దింపేదీ మనమే. రాతిబొమ్మ ఆడితే సుభానల్లా, ఇంట్లో పిల్ల అడుగేస్తే తౌబా తౌబా.

వార్షికోత్సవం ఇంకా కాలేదు. అమ్మీ ఔననలేదు, కాదనలేదు. పెద్దాయనా, ఆ పిల్ల ఎదుటే అన్నారు కదా, ఆమె ఎదుటే ఆ మాట వాపస్ తీసుకోండి.