కొడుకు చేతికొచ్చిన డైరీలు

ఎల్.ఎం. మోంట్‌గోమరీ 1942 ఏప్రిల్ 24న టొరంటోలో కన్నుమూసేనాటికి ఆమె డైరీ చేతిరాతలో పది పుస్తకాలైంది. 1889లో, పద్నాలుగేళ్ల వయసులో మొదలైన రాత అది. 1908లో వెలువడిన 'ఆన్ ఆఫ్ గ్రీన్ గేబుల్స్' నవలతో లోకమంతా ఎరిగిన ఈ కెనడా రచయిత్రి, 1919 నుంచి పాత నోటుపుస్తకాలన్నీ ఒకే సైజు పుస్తకాల్లోకి తిరగరాయసాగారు. తన తర్వాత ఎవరో చదువుతారన్న ఎరుకతోనే చేసిన పని. వారసులకంటే ముందు తన వారసత్వానికి కత్తెర పట్టేది రచయితే కదా!

డైరీలు చిన్నకొడుకు స్టూవర్ట్ మెక్‌డొనాల్డ్‌కు దక్కాయి. ఆయన వృత్తి వైద్యం. దాదాపు నలభై ఏళ్లు దాచి, 1981లో గ్వెల్ఫ్ విశ్వవిద్యాలయానికి అప్పగించారు, మరుసటేడే చనిపోయారు. అక్కడి ఆచార్యులు మేరీ రూబియో, ఎలిజబెత్ వాటర్‌స్టన్ వాటిలోంచి ఏరికూర్చిన ఐదు సంపుటాలు 1985–2004 మధ్య అచ్చయ్యాయి. పాదిరి అయిన భర్త మానసిక వ్యాధి, ఆమె దిగులు, తొలి ప్రచురణకర్తతో ఏళ్ల తరబడి సాగిన వ్యాజ్యాలు అన్నీ బయటికొచ్చాయి. ఆమె పేరు చెడలేదు సరికదా, పిల్లల పుస్తకాల అరలోంచి ఆమెను పెద్దల అరలోకి చేర్చింది ఆ డైరీలే. 2012 నుంచి తొలినాళ్ల డైరీలు కోతల్లేకుండా మళ్లీ వచ్చాయి.

ఆమె చివరి పుస్తకానిదీ ఇదే కథ. చనిపోయిన రోజే ప్రచురణకర్తకు చేరిన ఆ ప్రతిని, పద్యాలూ సంభాషణలూ చాలావరకు తీసేసి 1974లో వేరే పేరుతో వేశారు. 'ది బ్లైత్స్ ఆర్ కోటెడ్' పేరుతో పూర్తిపాఠం రావడానికి 2009 దాకా ఆగాల్సి వచ్చింది. అంతకు ముందేడు, 2008లో, మనవరాలు కేట్ మెక్‌డొనాల్డ్ బట్లర్ నానమ్మది ఆత్మహత్యేనని కుటుంబం నమ్ముతున్నట్టు పత్రికలో రాశారు. మంచం పక్కన దొరికిన, ఆఖరి ఉత్తరంగా భావించిన కాగితం డైరీలోని పుటే కావచ్చని రూబియో అభిప్రాయం. కాగితం మిగిలింది కాబట్టే ఆ వాదానికి చోటుంది.

కెనడాలో అప్పటి చట్టం ప్రకారం కాపీరైట్ రచయిత మరణానంతరం 50 ఏళ్లు. ఆమె జీవితకాలంలో వచ్చిన నవలలపై అది 1992తో తీరింది. ఆ తర్వాత వారసులు ట్రేడ్‌మార్క్ దారి పట్టారు. ఆమె సొంత ప్రావిన్స్ ప్రిన్స్ ఎడ్వర్డ్ ఐలాండ్ ప్రభుత్వంతో కలిసి 1994లో లైసెన్సుల సంస్థ పెట్టారు. ఆన్ బొమ్మలు అమ్మాలంటే దాని అనుమతి కావాలి. 2022 డిసెంబరు 30 నుంచి గడువు 70 ఏళ్లయింది గానీ, అప్పటికే తీరిపోయిన హక్కులు తిరిగి బతకలేదు. భారతదేశంలో ఇది 60 ఏళ్లు.

తెలుగునాట వారసత్వం ఎక్కువగా జయంతుల్లో, పురస్కారాల్లో కనిపిస్తుంది. విజయనగరంలో రచయిత్రి చాగంటి తులసి తన తండ్రి, కథకుడు చాసో పేరిట పురస్కారాన్ని ఏళ్లుగా నడిపించారు. కాగితాల సంగతి అంత శ్రద్ధగా సాగదు. కెనడాలో స్థిరపడిన తెలుగు కుటుంబాలకు ఇంకో చిక్కుంది: తాతగారి రాతప్రతులు బేస్‌మెంట్‌లో పెట్టెలో ఉంటాయి, మనవలకు తెలుగు చదవడం రాదు. చదవగల తరం ఉండగానే ఏ కట్టలో ఏముందో, ఏ పొట్టిపేరు ఎవరిదో జాబితా రాయాలి. స్కానింగ్ ఆ తర్వాతి పని. జాబితా లేని స్కాను మరో పెట్టె, అంతే. ఉత్తరాల విషయంలో ఒక మెలిక ఉంది. తాతగారికి వచ్చిన ఉత్తరాల కాగితం ఇంటివాళ్లది, అచ్చువేసే హక్కు మాత్రం రాసినవారిది, వారి తర్వాత వారి వారసులది. ఆయన ఇతరులకు రాసినవాటిపై హక్కు ఈ ఇంటిదే అయినా, ఆ కాగితాలు ఏ ఊళ్లోనో, ఎవరి అటక మీదో ఉంటాయి.