కితాబాఁ అంటే నవ్వెందుకు?

ఉర్దూ ఖవాయిద్‌లో ఏకవచనం వాహిద్, బహువచనం జమా. జమా తప్పితే జబానే తప్పినట్టు చూస్తారు కొందరు ఉస్తాదులు, తఖ్రీర్లు చేసే హజ్రత్‌లు. బోగోలు, బిట్రగుంట వైపు మన ఇళ్లలో కితాబాఁ, బాతాఁ, ఔరతాఁ, మకానాఁ అంటాం. వాళ్లకది మజాక్. కితాబేఁ, బాతేఁ, ఔరతేఁ అనాలట. మకాన్ మాత్రం ఒకటైనా పదైనా మకానేనట.

నా రాయ్ వేరు. మెహమాన్‌గా వచ్చిన లఫ్జ్ ఒక ఇంట్లో స్థిరపడ్డాక ఆ ఇంటి దస్తూరే పాటిస్తుంది. అరబీలో ఖాజీకి జమా ఖుజాత్. తెలుగులోకొచ్చి ఖాజీలు అయింది. అదే అల్-ఖాజీ స్పెయిన్ చేరి అల్కాల్దే అయింది. ఇప్పుడక్కడ మేయర్‌ను అలా పిలుస్తారు. జమా కావాలంటే ఇంగ్లీషులో లాగే చివర 'స్' చేర్చి అల్కాల్దేస్ అంటారు. అరబీ ఖాయిదా ఏమైందని అక్కడెవరూ నిలదీయరు. హక్‌కు అరబీ జమా హుకూక్. తెలుగులో హక్కులు. హుకూక్ కోసం ధర్నా చేస్తున్నామన్న తెలుగు రైతు లేడు. ఉలమా అసలే జమా, దాని వాహిద్ ఆలిం. అయినా పత్రికల్లో ఉలమాలు అని రాస్తాం. జమా మీద జమా! పాఠకులకు ఏ తక్లీఫూ లేదు.

మరి ఇంటి దక్కనీకే ఈ సజా ఎందుకు? ఈ 'ఆఁ' మన పల్లెల్లో పుట్టిన గలతీ కాదు. 1635లో గోల్కొండలో ముల్లా వజ్హీ రాసిన 'సబ్ రస్'లోనూ ఇదే జమా ఉంది. పైగా రోటియాఁ, లడ్కియాఁ అన్నప్పుడు కితాబీ ఉర్దూ కూడా ఇదే 'ఆఁ' పలుకుతుంది. దక్కనీ దాన్ని కితాబ్‌కూ మకాన్‌కూ కూడా ఇచ్చింది, అంతే.

ఇమ్తెహాన్‌లో కితాబేఁ అనే రాయాలి. ఉర్దూ మీడియంలో నేనూ అదే చదువుకున్నాను. అందులో తక్రార్ లేదు. కానీ బడిలో నవ్వులపాలైన పిల్ల 'మా దాదీకి ఉర్దూ రాదు' అనుకుంటే? దాదీతో ఆ జబాన్‌లో మాట్లాడటమే మానేస్తుంది. బడి ఉర్దూ ఇంకా పూర్తిగా రాకముందే ఇంటి ఉర్దూ పోతుంది.

ఉస్తాదులకు నా గుజారిష్ ఒక్కటే. ఇది బడి జమా, అది ఇంటి జమా అని చెప్పండి చాలు. పిల్లలకు రెండూ వస్తాయి. రెంటికీ ఇజ్జత్ ఉంటుంది.