గోడలు సరే, నేల మాటేమిటి?

1993లో ఏలూరు ఆర్.ఆర్.పేటలో మేం ఫ్లాట్ కొన్నప్పుడు తాడేపల్లిగూడెం నుంచి చుట్టాలు పనిగట్టుకుని వచ్చి లిఫ్టు ఎక్కి దిగారు. వాచ్‌మన్, మొజాయిక్ గచ్చు, బాల్కనీలో కుండీలు... అప్పట్లో అదో దర్జా. మా అత్తగారొక్కరే "నేల లేని ఇల్లేంటమ్మా!" అని పెదవి విరిచారు.

ఇప్పుడా లిఫ్టు పనిచెయ్యడం లేదు. శ్లాబు పెచ్చులూడుతోంది. ఉన్న ఎనిమిది ఫ్లాట్లూ పడగొట్టి కొత్తవి కడతానని ఒక బిల్డర్ వచ్చాడు. మంచిదే. మీటింగుకి మాత్రం మగవాళ్లే వెళ్లొచ్చారు.

మా పై అంతస్తు పిన్నిగారిది కొల్లేరు పక్క ఊరు. 2006లో 'ఆపరేషన్ కొల్లేరు' పేరుతో చేపల చెరువుల గట్లు కొట్టేసినప్పుడు వాళ్ల పెట్టుబడి మొత్తం నీళ్లపాలైంది. పసుపు కుంకుమ కింద పుట్టింటివాళ్లు కొనిచ్చిన ఈ ఫ్లాటే ఆవిడకు మిగిలింది. దస్తావేజులో ఆవిడ స్థలం వాటా 38 గజాలు. బిల్డర్ కాగితంలో 34! ఆరా తీస్తే, ఎప్పుడో తర్వాత డాబా మీద లేచిన పెంట్‌హౌస్‌కి అందరి వాటాల్లోంచీ కోసిపెట్టారట.

అలా కోయడానికి వీల్లేదు. మన రాష్ట్రంలో 1987లోనే అపార్ట్‌మెంట్ల చట్టం వచ్చింది. ఉమ్మడి స్థలంలో వాటా ఫ్లాటుతోనే ఉంటుంది, దాన్నుంచి విడదియ్యకూడదు. మా అత్తగారన్నట్టు నేల లేకపోలేదు, మనమే ఆ పేజీ తిప్పి చూసుకోలేదు. ముప్పై ఏళ్లు దాటిన గోడలకి విలువేముంటుందండీ? ఉన్నదంతా ఆ గజాలకే.

'రెరా ఉందిగా' అంటున్నారు కొందరు. 2016 నాటి ఆ చట్టం ప్రకారం కొనుగోలుదారులు కట్టిన సొమ్ములో 70 శాతం విడిగా బ్యాంకు ఖాతాలో ఉంచాలి. అది ముఖ్యంగా కొత్తగా కొనేవాళ్లకు భరోసా. ఉన్న ఇల్లు ఖాళీ చేసిచ్చే పిన్నిగారికి ఎన్ని అడుగులు వస్తాయి, కట్టేదాకా అద్దె ఎవరిస్తారు, పని మధ్యలో ఆగితే ఏం చెయ్యాలి అన్నవన్నీ ఆవిడ సంతకం పెట్టే ఒప్పందంలోనే తేలాలి.

ఆ సంతకం కొడుకు చేత పెట్టించబోయారు. "కాగితం నా పేరున ఉంటే నువ్వెందుకురా, నేనొస్తా" అన్నారావిడ.

ఆదివారం మళ్లీ మీటింగు. ఈసారి ఆడవాళ్లం ఐదుగురం వెళ్తున్నాం, దస్తావేజుల జిరాక్సులు పట్టుకుని.