వంటయిల్లు: థాయి రుచుల కైమా బిళ్లలు

కైమాను బిళ్లలుగా కాల్చి రొట్టె నడుమ నుంచిన బర్గరునకు పాశ్చాత్యులు గొడ్డుమాంసము వాడుదురు. మేము వేటమాంసముతో చేసితిమి. థాయి గృహిణులు మసాలాకు కొత్తిమీర వేళ్లు, వెల్లుల్లి, మిరియములు కలిపి నూరుదురు. మనము పారవేయు ఆ వేళ్లలో ఎంతటి సువాసన కలదో నూరిననాడు తెలియును. వారు తాటిబెల్లము వేయుదురు. చెరకుసీమయైన ఉయ్యూరులో మనకు చెరకుబెల్లమే చాలును.

అరకిలో కైమాకు, కడిగిన కొత్తిమీర వేళ్లు 6, వెల్లుల్లి రేకలు 6, పచ్చిమిరపకాయలు 3, నిమ్మగడ్డి లేతమొదళ్లు 2, మిరియములును బెల్లమును చెంచాడేసి, తగినంత ఉప్పు మెత్తగా నూరి కలుపవలయును. అరయంగుళము మందమున బిళ్లలు చేసి, నూనె రాసి, నిప్పులపై ఇరుప్రక్కల కాల్చవలయును. దించిన పిమ్మట నిమ్మరసము పిండి, దోసకాయ చక్రములతో రొట్టె నడుమ నుంచవలయును.

ఒక్క హెచ్చరిక. మాంసఖండమునకు సూక్ష్మజీవులు సాధారణముగా పైననే యుండును. కైమా కొట్టగా నవి లోపలికి చేరును. కావున పైరంగు చూచి నమ్మరాదు. బిళ్ల నడుమ వేడిమి 71 డిగ్రీల సెంటిగ్రేడు చేరవలయును; ఉష్ణమాపకము గ్రుచ్చి చూచుట మేలు. పచ్చికైమా ముట్టిన చేతులు, పళ్లెములు సబ్బుతో కడుగక వేరొకదానిని తాకరాదు. పసిబిడ్డల విస్తరిలో రుచికంటె ముందు క్షేమము వడ్డింపవలయును గదా!