టేపు చెడకముందే తెరవండి

ప్రసార భారతి ముఖ్య కార్యనిర్వహణాధికారి గారికి,

హైదరాబాద్ దూరదర్శన్ 1977 అక్టోబరులో మొదలైంది. నెల తిరగకుండానే, నవంబరు 19న ఉప్పెన దివిసీమను ముంచేసింది. అప్పటినుంచి మన ఊళ్లు, కళాకారులు, కరువులు, ఎన్నికలు ఎన్నో ఆ కెమెరాల ముందుకొచ్చాయి.

దాచుకుంటేనే దృశ్యాలు మిగులుతాయి. మొదటి ప్రపంచ యుద్ధపు రీళ్లను లండన్ ఇంపీరియల్ వార్ మ్యూజియం దాచింది కాబట్టే, 2018లో పీటర్ జాక్సన్ వాటికి రంగులద్ది డాక్యుమెంటరీ తీయగలిగాడు. తెలుగులో తొలి పూర్తి నిడివి టాకీ 'భక్త ప్రహ్లాద' (1932) ప్రింటు మాత్రం నేడు దొరకదు.

అప్పట్లో వాడిన యూమాటిక్ వీడియో టేపుకు తేమ తగిలితే పైపూత జిగురై యంత్రపు హెడ్‌కు అంటుకుంటుంది; పూతతోపాటు బొమ్మా ఊడిపోతుంది. ఆ టేపులు ఆడించే యంత్రాల తయారీ ఎప్పుడో ఆగిపోయింది.

అందుకే మా విన్నపాలు మూడు. ప్రాంతీయ కేంద్రాల టేపుల జాబితాను తేదీ, స్థలం, కెమెరామన్ పేరుతో బహిరంగపరచండి. చిన్న నిర్మాతలకూ, విద్యార్థులకూ అందుబాటు ధరకు దృశ్యాలివ్వండి. పాత తుపాను దృశ్యాన్ని నేటిదిగా చూపే అలవాటు పోవాలంటే, ప్రతి పాత దృశ్యంపైనా ఏడాది వేసే పద్ధతిని మీ ఛానెళ్లతోనే మొదలుపెట్టండి.

ఇవి ప్రజల సొమ్ముతో తీసిన దృశ్యాలు. ప్రజలకు చూపించండి.

ఇట్లు,
ఒక తెలుగు ప్రేక్షకుడు