తోపు విడిచిన పార్టీ, విడవని పార్టీలు

గన్‌ఫౌండ్రీని ఉర్దూలో తోప్ కా సాంచా అంటారు. మూసారాంబాగ్‌కి పేరు మిగిల్చిన ఫ్రెంచి సేనాని రేమాండ్ 18వ శతాబ్దం చివర నిజాం కోసం ఫిరంగులు పోయించిన చోటిది. అక్కడి నుంచి నాంపల్లి వైపు ఎంతో దూరం వెళ్లక్కర్లేదు, మజ్లిస్ పార్టీ కేంద్ర కార్యాలయం దారుస్సలాం వస్తుంది. కాబూల్ కూలిందని వార్త వచ్చినప్పుడల్లా ‘మతం పేరిట పార్టీలుంటే ఇంతే’ అని తేల్చేసేవాళ్లు ఈ దారిన ఒకసారి నడవాలి.

1927లో పుట్టిన మజ్లిస్ 1940ల్లో ఖాసిం రజ్వీ చేతిలో పడి రజాకార్ల దండయింది. ఊళ్లు తగలబడ్డాయి. వాళ్లను ఎదిరించి రాసిన ‘ఇమ్రోజ్’ సంపాదకుడు షోయబుల్లాఖాన్‌ను 1948 ఆగస్టులో చంపేశారు. ఆయనా ముస్లిమే. మరుసటి నెలలో అయిదు రోజుల పోలీసు చర్యతో రజ్వీ కథ ముగిసింది. కానీ ఆ తర్వాత జరిగిన హత్యాకాండలో రజాకార్లతో ఏ సంబంధమూ లేని ముస్లింలు వేల సంఖ్యలో బలైపోయారు. ఆ గాయం గురించి మనం ఇప్పటికీ గొంతు తగ్గించే మాట్లాడతాం.

1957లో జైలు నుంచి బయటపడ్డ రజ్వీ పాకిస్తాన్ వెళ్లిపోయాడు. మరుసటేడు న్యాయవాది అబ్దుల్ వాహెద్ ఒవైసీ మజ్లిస్‌ను మళ్లీ నిలబెట్టి ఎన్నికల దారి పట్టించారు. పేరు అదే, మతమూ అదే. మారింది ఒక్కటే: అధికారం కావాలంటే గల్లీ గల్లీ తిరిగి ఓటు అడగాలి.

అఫ్గాన్ పార్టీలకు ఆ అవసరం రానివ్వలేదు. 1980ల్లో సోవియట్ సేనలతో పోరాడిన ఏడు పార్టీలు పెషావర్‌లో మకాం పెట్టాయి. అమెరికా, సౌదీల సొమ్ము పాకిస్తాన్ గూఢచారి సంస్థ ద్వారా వాటికే చేరేది. శరణార్థికి రేషన్ దొరకాలన్నా ఏదో ఒక పార్టీలో పేరుండాలి. ఆయుధం పైనుంచి, అన్నం పక్కదేశం నుంచి వస్తుంటే నాయకుడు జనానికి జవాబెందుకు చెప్తాడు? 1992లో నజీబుల్లా ప్రభుత్వం పడిపోయాక రబ్బానీ జమియత్, హెక్మత్యార్ హిజ్బ్ కాబూల్ కోసం కొట్టుకున్నాయి. రెండూ ఇస్లామిక్ పార్టీలే. ఊరి మీద రాకెట్లు కురిపించిన హెక్మత్యార్‌నే 1993 ఒప్పందంలో ప్రధానిని చేశారు.

సరిగ్గా అదే 1993లో మజ్లిస్ కూడా చీలింది. అమానుల్లాఖాన్ బయటికొచ్చి మజ్లిస్ బచావో తెహ్రీక్ పెట్టారు. 1994 ఎన్నికల్లో తెహ్రీక్‌కి రెండు సీట్లు, మజ్లిస్‌కి ఒకటి. 1999లో మజ్లిస్ మళ్లీ కోలుకుంది. ఎవరు అసలైన ముస్లిం ప్రతినిధి అన్న తగవును కాబూల్‌లో రాకెట్లు తేలిస్తే, పాతబస్తీలో బ్యాలెట్ పెట్టె తేల్చింది.

మజ్లిస్‌కి నేను కితాబివ్వడం లేదు. 1958 నుంచీ పగ్గాలు ఒకే ఇంట్లో ఉండటం పార్టీకీ మంచిది కాదు, జనానికీ మంచిది కాదు. అయినా ఆ ఇంటిని ఓడించే హక్కు ఓటరు చేతిలో ఉంది. 2005 అఫ్గాన్ పార్లమెంటు ఎన్నికల్లో బ్యాలెట్ మీద పార్టీ పేర్లే లేవు. 2014లో అధ్యక్షుడెవరన్న తగవును అమెరికా విదేశాంగ మంత్రి దగ్గరుండి తీర్చాడు.

2023 ఆగస్టులో తాలిబాన్లు రాజకీయ పార్టీలన్నిటినీ నిషేధించారు, వాటికి షరియత్‌లో ఆధారం లేదంటూ. ఆ డిసెంబరు 3న యాకుత్‌పురాలో మజ్లిస్ అభ్యర్థి తెహ్రీక్ మీద 878 ఓట్లతో గట్టెక్కారు.