పంచనామా దగ్గరే ఆగిన న్యాయం

2017 ఆగస్టు 19న కర్నూలులోని ఒక ప్రైవేటు రెసిడెన్షియల్ పాఠశాలలో పదో తరగతి చదువుతున్న గిరిజన బాలిక ఫ్యానుకు వేలాడుతూ కనిపించింది. ఆత్మహత్య అన్నది యాజమాన్యం. అత్యాచారం చేసి చంపారన్నారు తల్లిదండ్రులు. ఈ రెండు మాటల్లో ఏది నిజమో తేల్చవలసిన రాజ్యం ఎనిమిదేళ్లు దాటినా తేల్చలేదు. తెలుగుదేశం ప్రభుత్వ కాలంలో జరిగిన మరణమది. వైఎస్సార్ కాంగ్రెస్ పాలన అయిదేళ్లూ గడిచింది. ఇప్పుడున్నది కూటమి ప్రభుత్వం. ప్రతిపక్షంలో ఉన్నవారికి ప్రతిసారీ ఆయుధంగా పనికివచ్చిన ఈ కేసు, అధికారంలోకి వచ్చినవారికి ప్రతిసారీ బరువుగానే మిగిలింది.

పత్రికలన్నీ దీన్ని 'సుగాలి ప్రీతి కేసు' అంటున్నాయి. పోక్సో చట్టం 23వ సెక్షన్ బాధిత బాలల వివరాలు బయటపెట్టవద్దంటుంది. కానీ న్యాయం కోసం వీధికెక్కిన కన్నతల్లికి పేరు దాచుకునే వెసులుబాటు కూడా మిగల్లేదు. నన్ను ఆలోచింపజేసేది ఆ పేరుకు ముందున్న మాట. కారంచేడు, చుండూరు, లక్షింపేట: చంపినవాళ్ల కులాలు ఏవో అందరికీ తెలిసినా ఆ ఘటనలకు ఊళ్ల పేర్లే స్థిరపడ్డాయి. ఇక్కడ మాత్రం పోయిన పిల్ల జాతి పేరే కేసు పేరైంది. పేరులోనే జాతి ఉన్న ఈ కేసును మన రాజకీయ చర్చ పదేపదే 'ఆడపిల్ల భద్రత' అనే సాధారణ పద్దు కింద రాసుకుంది. గిరిజన బాలిక మరణంగా చూస్తే వేయవలసిన ప్రశ్నలు వేరు.

ముందుగా చట్టం ఏం చెబుతుందో చూద్దాం. 1989 నాటి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కింద కేసు దర్యాప్తు చేయవలసింది డీఎస్పీ స్థాయికి తగ్గని అధికారి. 2015 సవరణ తర్వాత అరవై రోజుల్లో అభియోగపత్రం కోర్టుకు చేరాలి. అభియోగపత్రం దాఖలైన నాటి నుంచి రెండు నెలల్లో విచారణ ముగిసేందుకు వీలైనంత ప్రయత్నం జరగాలి. పోక్సో చట్టమైతే కేసును కోర్టు స్వీకరించిన ఏడాదిలోపు విచారణ పూర్తికావాలంటుంది. ఈ గడువులన్నీ 2017 ఆగస్టు నాటికి అమలులో ఉన్నవే. చట్టం లేక ఆగిన న్యాయం కాదిది.

అయినా 2019 డిసెంబరులో హైదరాబాద్ శివార్లలో పశువైద్యురాలి హత్య తర్వాత ఆంధ్రప్రదేశ్ శాసనసభ 'దిశ' బిల్లు ఆమోదించింది. ఇరవై ఒక్క రోజుల్లో తీర్పు అన్నారు. సన్మానాలు జరిగాయి. రాష్ట్రపతి ఆమోదం లేక అది చట్టంగా అమలులోకి రానేలేదు. అరవై రోజుల గడువును పాటించని యంత్రాంగం చేతికి ఇరవై ఒక్క రోజుల గడువు ఇవ్వడంలోని వింతను ఆనాడు సభలో ఎవరూ ప్రస్తావించినట్టు లేదు.

అసలు దర్యాప్తు ఎక్కడ చెడిపోతుంది? నా అభిప్రాయంలో మొదటి పన్నెండు గంటల్లో. హాస్టల్లో పిల్ల చనిపోతే పోలీసులు మొదట నమోదు చేసేది ఎక్కువగా అనుమానాస్పద మృతి కింద, అప్పటి నేరవిచారణ స్మృతి 174వ సెక్షన్ ప్రకారం. శవపంచనామా రాసేటప్పుడు అక్కడ ఉండేది ఎవరు? ఫోను చేసి పిలిచిన యాజమాన్యం, వారికి తెలిసిన పెద్దమనుషులు. తల్లిదండ్రులు ఊరి నుంచి బస్సు పట్టుకుని వచ్చేసరికి శవం ఆసుపత్రిలో ఉంటుంది, గది కడిగేసి ఉంటుంది. 'ఆత్మహత్య' అనే మాట కాగితం మీదికి ఒకసారి ఎక్కితే, ఆ తర్వాతి కాగితాలన్నీ దాని నీడలోనే నడుస్తాయి.

న్యాయవైద్య శాస్త్రం చెప్పే సంగతులు అంత జటిలమైనవి కావు. ఉరి వేసుకున్నవారి మెడ మీద తాడు గుర్తు సాధారణంగా ఏటవాలుగా, గొంతుకు పైభాగాన, ముడి ఉన్న చోట తెగిపోయినట్టు ఉంటుంది. గొంతు బిగించి చంపితే అది అడ్డంగా, మెడ చుట్టూ ఉంటుంది. ఫ్యాను రెక్కల మీద దుమ్ము చెదిరిందా లేదా, తాడు పీచు ఏ దిశలో రేగింది, కాళ్లు నేలకు ఎంత ఎత్తులో ఉన్నాయి, ఎక్కడానికి వాడిన కుర్చీయో మంచమో ఎక్కడ ఉంది: ఇవన్నీ చూసి, ఫొటోలు తీసి, కొలిచి రాసుకోవలసినవి. ఆ రోజు రాసుకోకపోతే మర్నాడు ఉండవు. జీవ నమూనాలను ఆరబెట్టి, కాగితపు కవర్లలో సీలు వేసి, ఎవరి చేతి నుంచి ఎవరి చేతికి వెళ్లిందీ నమోదు చేస్తూ ప్రయోగశాలకు పంపాలి. తేమ తగిలినా, వారాల తరబడి స్టేషన్ బీరువాలో ఉన్నా అవి పాడవుతాయి.

ఈ కేసులో యాజమాన్యానికి చెందినవారిని అరెస్టు చేశారు. కొద్దికాలానికే బెయిలు మీద బయటికి వచ్చారు. వైద్య నివేదికలు అత్యాచారాన్ని ధ్రువీకరించాయని కుటుంబం మొదటి నుంచీ చెబుతోంది. నిందితుల డీఎన్ఏ సరిపోలలేదన్న మాట తర్వాత ప్రచారంలోకి వచ్చింది. ఇక్కడ పాఠకులు ఒక తేడాను గమనించాలి. డీఎన్ఏ సరిపోలలేదంటే పరీక్షించిన నమూనా పరీక్షించిన మనిషిది కాదని మాత్రమే అర్థం. నేరమే జరగలేదని దాని అర్థం కాదు. మరెవరైనా ఉన్నారా, నమూనా ఏ స్థితిలో ప్రయోగశాలకు చేరింది అన్న ప్రశ్నలు అప్పుడే మొదలవ్వాలి. అరెస్టయిన వారు నిర్దోషులైతే ఆ సంగతి కూడా కోర్టులో తేలడమే వారికి మేలు. అనుమానాన్ని ఎనిమిదేళ్లు గాలిలో వేలాడదీయడం ఎవరికీ న్యాయం చేయదు.

2020 ఫిబ్రవరి 12న జనసేన అధ్యక్షుడు పవన్ కల్యాణ్ కర్నూలులో పెద్ద ర్యాలీ తీశారు. ఆ తర్వాత కొద్ది రోజుల్లోనే జగన్మోహన్ రెడ్డి ప్రభుత్వం కేసును సీబీఐకి అప్పగిస్తున్నట్టు ఉత్తర్వులు ఇచ్చింది. ప్రజలు ఇక సీబీఐ చూసుకుంటుందనుకున్నారు. కానీ 1946 నాటి ఢిల్లీ ప్రత్యేక పోలీసు వ్యవస్థ చట్టం ప్రకారం రాష్ట్రం సమ్మతి తెలిపితే సరిపోదు. కేంద్రం నోటిఫికేషన్ ఇవ్వాలి, సీబీఐ కేసు నమోదు చేసుకోవాలి. అది జరగలేదు. తల్లి హైకోర్టు మెట్లెక్కింది. వనరుల కొరత వల్ల ఈ కేసు చేపట్టలేమని చివరకు సీబీఐ కోర్టుకు తెలిపింది. కూటమి అధికారంలోకి వచ్చి ఏడాది దాటాక ఆమె మళ్లీ రోడ్డెక్కి, ఈసారి ఉపముఖ్యమంత్రిగా ఉన్న పవన్ కల్యాణ్‌నే నిలదీసింది. 2025 సెప్టెంబరులో రాష్ట్ర ప్రభుత్వం కేసును మరోసారి సీబీఐకి అప్పగించే నిర్ణయం తీసుకుంది. ఒకే కేసును ఒకే సంస్థకు రెండుసార్లు 'అప్పగించడం' మన పాలనా చరిత్రలో అరుదైన విషయమే.

ఈ మధ్యలో కుటుంబానికి భూమి, ఇంటిస్థలం, ఒక ఉద్యోగం, కొంత సొమ్ము అందాయి. అవి మావల్లే వచ్చాయని ఒక పార్టీ, మేమే ఇచ్చామని మరో పార్టీ చెప్పుకున్నాయి. ఈ వాదులాట విన్నప్పుడల్లా నాకు 1995 నాటి అత్యాచారాల నిరోధక నిబంధనల అనుబంధం గుర్తుకొస్తుంది. హత్యకు గురైన ఎస్సీ, ఎస్టీ వ్యక్తి కుటుంబానికి 2016 సవరణ ప్రకారం 8 లక్షల 25 వేల రూపాయలు. అందులో సగం పోస్టుమార్టం తర్వాత, మిగతా సగం అభియోగపత్రం కోర్టుకు వెళ్లినప్పుడు. దానికి అదనంగా ఉద్యోగం, సాగుభూమి, ఇల్లు వంటి సహాయం. పార్టీలు తమ దయగా చూపించుకున్నది చట్టం ఎప్పుడో రాసిపెట్టిన హక్కు. అంతకంటే దారుణం, న్యాయం అడిగిన తల్లితో 'ఇంకేం కావాలి, అన్నీ ఇచ్చాం కదా' అన్న ధోరణిలో మాట్లాడడం. పరిహారం తీసుకున్నవారు కేసు వదులుకోవాలన్న షరతు ఆ అనుబంధంలో ఎక్కడా లేదు. ఊళ్లలో పెద్దమనుషుల పంచాయితీలో శవానికి ఖరీదు కట్టే పద్ధతి సచివాలయం దాకా పాకిందని మాత్రం అర్థమవుతుంది.

బాధితులు పేదలైతే దర్యాప్తు నత్తనడక నడుస్తుంది. నిందితుడు పేదవాడైతే? 2007 డిసెంబరు 27న విజయవాడ దగ్గర ఇబ్రహీంపట్నం హాస్టల్లో ఫార్మసీ విద్యార్థిని ఆయేషా మీరా హత్య జరిగింది. రాజకీయ కుటుంబాలవారిపై ఆరోపణలు వినిపించాయి. 2008 ఆగస్టులో పోలీసులు తెచ్చి నిలబెట్టింది పిడతల సత్యంబాబు అనే దళిత యువకుణ్ణి. 2010 సెప్టెంబరులో అతనికి శిక్ష పడింది. జైల్లో నరాల జబ్బుతో నడవలేని స్థితికి చేరాడు. 2017 మార్చి 31న హైకోర్టు అతన్ని నిర్దోషిగా విడిచిపెడుతూ దర్యాప్తు తీరును తప్పుపట్టింది, లక్ష రూపాయల పరిహారం ఇవ్వమంది. ఎనిమిదేళ్లకు పైగా జైలుకు లక్ష రూపాయలు. ఆయేషాను చంపిందెవరన్న ప్రశ్నకు న్యాయస్థానం ఆమోదించిన జవాబు ఇప్పటికీ లేదు. ఆ తీర్పు వచ్చి అయిదు నెలలు తిరగకముందే కర్నూలు బాలిక చనిపోయింది. ఒక కేసులో దొరకవలసినవాడి బదులు దొరికినవాణ్ణి పట్టుకున్నారు. మరో కేసులో ఎవరినీ తేల్చలేదు. రెండింటి వెనకా ఉన్నది ఒకే లెక్క: ఎవరిని కదిలిస్తే స్టేషన్‌కు ఇబ్బంది, ఎవరిని కదిలిస్తే ఇబ్బంది లేదు.

అలాగని సీబీఐని తారకమంత్రంగా నమ్మమని నేను చెప్పను. అదే 2017లో కేరళలోని వాలయార్‌లో దళిత అక్కాచెల్లెళ్లు, పదమూడేళ్ల పిల్ల జనవరిలో, తొమ్మిదేళ్ల పిల్ల మార్చిలో, ఒకే ఇంట్లో ఉరికి వేలాడుతూ దొరికారు. మొదటి మరణాన్ని సవ్యంగా దర్యాప్తు చేసి ఉంటే రెండోది జరిగేదా? 2021 జనవరిలో కేరళ హైకోర్టు నిందితుల విడుదల తీర్పులను రద్దుచేసి, దర్యాప్తును తీవ్రంగా విమర్శించింది. తర్వాత వచ్చిన సీబీఐ కూడా ఆత్మహత్య అనే నిర్ధారణకే వచ్చింది. ఆపైన తల్లిదండ్రులనే నిందితుల జాబితాలో చేర్చింది. తెలంగాణలోని హాజీపూర్ సంగతి చూడండి. 2015లో అదృశ్యమైన బాలిక జాడ, 2019లో మరో ఇద్దరు అమ్మాయిలు హతమయ్యాక గానీ బయటపడలేదు. మొదటి రోజు స్థానిక పోలీసు చేయని పనిని మూడేళ్ల తర్వాత ఢిల్లీ నుంచి వచ్చిన అధికారి చేయలేడు.

ఈ వ్యాసం చిల్లకూరు నుంచి రాస్తున్నాను. కర్నూలుకూ ఈ తీరానికీ దూరం చాలా ఉంది. నెల్లూరు జిల్లాలో ఉన్న ఈ మండలం 2022 ఏప్రిల్‌లో తిరుపతి జిల్లాలో కలిసింది. రొయ్యల గుంటలు, సిలికా ఇసుక గనులు, వాటి అంచున యానాదుల గుడిసెలు. గుంటల కాపలా వాళ్లదే, ఎలుకల బుట్టలు వాళ్లవే, వాగుల్లో చేపలు వాళ్లవే. గుంట దగ్గర మోటారు పోతే మొదట స్టేషన్‌కు పిలిపించేది కూడా వాళ్లనే. నేరస్థ జాతుల చట్టం కింద వలస పాలకులు ముద్ర వేసిన సమూహాల్లో యానాదులు, ఎరుకలు, సుగాలీలు ఉన్నారు. 1952లో ఆ చట్టం రద్దయింది. సుగాలీలు 1956లో ఆంధ్ర ప్రాంతపు షెడ్యూల్డు తెగల జాబితాలో చేరారు. అయితే స్టేషన్ మనసులో ఇప్పటికీ మనుషులు రెండు రకాలే: ఫిర్యాదు ఇచ్చేవాళ్లు, అనుమానితులు. తరతరాలుగా రెండో వరుసలో నిలబెట్టినవాళ్లు మొదటి వరుసలోకి వచ్చి 'నా బిడ్డను చంపారు' అంటే, రాసుకోవడానికి కలం లేవదు.

నా తరగతిలో ఈ మండలపు గూడేల నుంచి వచ్చిన పిల్లలు ఉంటారు. అత్యాచారాల చట్టం పాఠం చెప్పేటప్పుడు వాళ్లడిగే ప్రశ్న ఎప్పుడూ ఒకటే: 'స్టేషన్లో కేసు రాయకపోతే ఏం చేయాలి సార్?' 2013లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం లలిత కుమారి కేసులో ఎఫ్ఐఆర్ నమోదు తప్పనిసరి అని చెప్పిందంటాను. ఆ తీర్పుకు పేరిచ్చిన లలిత కుమారి కూడా అపహరణకు గురైన బాలికే అని చెబుతాను. ఆ పిల్లలు రాసుకుంటారు. అయితే గూడెంలో ఆ తీర్పు ప్రతిని ఎస్సై ముందు పెట్టగల మనిషి ఎవరన్నది వాళ్ల తర్వాతి ప్రశ్న. అది పాఠ్యపుస్తకం దాటిన ప్రశ్న.

చట్టంలో దానికి కొంత జవాబుంది. విధి నిర్వహణలో కావాలని నిర్లక్ష్యం చేసిన అధికారికి నాలుగో సెక్షన్ కింద ఆరు నెలల నుంచి ఏడాది దాకా జైలు. అయితే శాఖాపరమైన విచారణ సిఫార్సు చేస్తే గానీ కేసు పెట్టకూడదు. అంటే పోలీసు తప్పును ముందు ప్రభుత్వమే ఒప్పుకోవాలి. ఎస్సీ, ఎస్టీ ఉద్యోగులకు ఈ సెక్షన్ వర్తించదు కాబట్టి, చిక్కు కేసుల్ని ఆ వర్గాల అధికారుల నెత్తిన రుద్దే చాతుర్యం కూడా మన శాఖల్లో లేకపోలేదు. సీబీఐకి పంపామన్న ఉత్తర్వు రెండుసార్లు వెలువడింది. 2017 ఆగస్టులో ఆ గదిని ఎవరు సీలు చేశారు, ఎవరు చేయలేదు, నమూనాలు ఏ తేదీన బయలుదేరి ఏ తేదీన చేరాయి అన్న శాఖాపరమైన విచారణకు ఢిల్లీ అనుమతి అక్కర్లేదు. డీజీపీ సంతకం చాలు.

ఇక విద్యార్థి మిత్రులు చేయగలిగిన పని ఒకటుంది. అత్యాచారాల నిరోధక నిబంధనల్లో పదహారోది రాష్ట్రస్థాయి నిఘా, పర్యవేక్షణ కమిటీ గురించి చెబుతుంది. దాని అధ్యక్షుడు ముఖ్యమంత్రి. జనవరిలో ఒకసారి, జులైలో ఒకసారి, ఏడాదికి కనీసం రెండుసార్లు సమావేశం కావాలి. పదిహేడో నిబంధన ప్రకారం జిల్లా కలెక్టర్ అధ్యక్షతన మరో కమిటీ మూడు నెలలకోసారి కూర్చోవాలి. సమాచార హక్కు దరఖాస్తుకు పది రూపాయల రుసుము. 2017 ఆగస్టు తర్వాత ఆ రెండు కమిటీలూ ఏయే తేదీల్లో కూర్చున్నాయి, కర్నూలు బాలిక కేసు ఏ సమావేశం ఎజెండాలో ఉంది, మినిట్స్‌లో ఏం రాశారు? మొదటి దరఖాస్తు సాధారణ పరిపాలన శాఖకు కాదు, సాంఘిక సంక్షేమ, గిరిజన సంక్షేమ శాఖలకు పెట్టాలి.